కాకిబంగారం



ఈ నెల తేనెటీగల సంగతి చెబుతానని పోయిన నెల మాట ఇచ్చాను. ఆ మాట తప్పుతున్నందుకు మన్నించండి. తేనెటీగలు వచ్చే నెలదాకా ఆగుతాయి. మధ్యలో ఒక రాయి వచ్చి అడ్డం పడింది.

మేముండేది హైదరాబాదులో, అమీర్‌పేటలో. మా సందు చివర ఒక పాత ఇల్లు పడగొట్టి కొత్తదానికి పునాది తీస్తున్నారు. మా పేటలో పునాది తీయడమంటే మన్ను తవ్వడం కాదు, బండ కొట్టడం. పక్క పేట పేరే పంజాగుట్ట. పేరులోనే గుట్ట ఉంది చూశారా? ఇంకాస్త పైకి పోతే బంజారా హిల్సు. ఇళ్ళూ దుకాణాలూ మెట్రో స్తంభాలూ వచ్చి కప్పేశాయి గాని, నిజానికి మేమంతా ఒక పెద్ద రాతి వీపుమీద కాపురం ఉంటున్నాం.

ఆదివారం సాయంత్రం, ఆ పనిచోట కాపలా ఉండే అతని కొడుకు మా గుమ్మంలో నిలబడ్డాడు. ఆరో తరగతి చదువుతున్నాడు. ఒక చెయ్యి జేబులో ఉంది. అటూ ఇటూ చూసి, "తాతా, తలుపెయ్యనా?" అన్నాడు.

"ఎందుకురా?"

"ఒకటి చూపిస్త. ఎవ్వరికి చెప్పొద్దు."

తలుపు వేసి, జేబులోంచి కోడిగుడ్డంత రాయి తీసి నా బల్లమీద పెట్టాడు. దీపం వెలుతురులో దానిమీద పసుపుపచ్చని రేకులు తళతళ మెరిశాయి.

"బంగారం, తాతా! ఇంకా శాన ఉన్నయి. సంచిల దాచిపెట్టిన."

"దాచి ఏం చేస్తావు?"

"మా నాయనకు ఊర్ల అప్పుంది. అది తీరిపోతే మేం ఇంటికి పోవచ్చు."

పిల్లలూ, ముప్పయ్యేళ్ళకు పైగా బడిలో పనిచేశాను. ఎన్నో ప్రశ్నలకు జవాబులు చెప్పాను. ఆ మాటకు మాత్రం వెంటనే ఏమీ చెప్పలేకపోయాను. దానికి తోడు నాకు ఒక పాత సంగతి జ్ఞాపకం వచ్చింది.

చాలా ఏళ్ళ కిందట, ఒక ఊరి బడిలో నేను భాగహారాలు చెబుతూంటే ఒక కుర్రాడు లేచి వచ్చి నా బల్లమీద ఒక రాయి పెట్టాడు. "ఇది చూడండి సార్, కొండమీద దొరికింది" అన్నాడు. నాకు కోపం వచ్చింది. "రాళ్ళు పట్టుకొస్తావేం? లెక్కల పుస్తకం ఏదీ?" అని ఆ రాయిని కిటికీలోంచి బయటికి విసిరేశాను. మధ్యాహ్నం గంట కొట్టాక వాడు గడ్డిలో వెతుక్కుంటూ కనిపించాడు. అది దొరకలేదు. ఆ తరువాత వాడు నాకెప్పుడూ ఏదీ తెచ్చి చూపించలేదు. అది ఏ రాయో నాకు ఈనాటికీ తెలియదు. ఆ పరిమాణానికి ఉండవలసినదానికన్నా చాలా బరువుగా ఉండింది. ఆ బరువు నా చేతికి ఇంకా జ్ఞాపకం ఉంది.

అందువల్ల ఈసారి తొందరపడలేదు. భూతద్దం, సూది, చిన్న సుత్తి తెచ్చి కుర్రాణ్ణి పక్కన కూచోబెట్టుకున్నాను. "పరీక్ష నేను చెయ్యను. నువ్వే చెయ్యి" అన్నాను.

మెరిసే రేకును సూదిమొనతో లేవనెత్తమన్నాను. ఉల్లిపొరలాగా ఊడివచ్చింది. దాన్ని మళ్ళీ చీల్చమన్నాను. ఇంకా పలచని పొరలయింది. ఒక రేకును ఇనుప ముక్కమీద పెట్టి సుత్తితో కొట్టమన్నాను. నలిగి పొడి అయింది. అప్పుడు, "బంగారం ఇట్లా పొరలుగా చీలదు, కొడితే పొడి కాదు. సాగుతుంది. అందుకే కంసాలి దాన్ని కాగితంకన్నా పలచగా కొట్టగలడు. ఇది అభ్రకం. గ్రానైటు రాతిలోని నల్ల అభ్రకానికి ఏళ్ళ తరబడి తేమ తగిలితే ఇట్లా పసుపు రంగు వస్తుంది. మన పెద్దలు దీనికి పేరు కూడా పెట్టారు, కాకిబంగారం అని" అన్నాను.

కుర్రాడు చాలాసేపు తల ఎత్తలేదు. తరువాత, "మరి అసలు బంగారం ఏడుంటది, తాతా? కొండలకు అదెట్ల వస్తది?" అన్నాడు.

చూశారా, ఎంత మంచి ప్రశ్న! ఆ సాయంత్రం వాడికి చెప్పిందే మీకూ చెబుతున్నాను.

ముందు ఒక చిన్న లెక్క. నిజానికి అన్ని రాళ్ళలోనూ లోహం ఉంది. ఆ కుర్రాడి రాతిలో కూడా బంగారం ఉంది! కాని ఎంత? మామూలు రాయి ఒక టన్ను తీసుకుంటే అందులో బంగారం సుమారు 4 మిల్లీగ్రాములకు మించదు. ఒక గ్రాము బంగారం కావాలంటే 250 టన్నుల రాయి పిండి చెయ్యాలి. లారీకి 10 టన్నుల చొప్పున 25 లారీలు. ఆ ఖర్చుకు పది ఇళ్ళ సామాను అమ్ముకున్నా చాలదు. మామూలు రాతిలో రాగి టన్నుకు సుమారు 50, 60 గ్రాములు ఉంటుంది. కాని గని తవ్వేవాడికి కనీసం టన్నుకు ఐదారు కిలోలు, పది కిలోలు ఉండాలి. అంటే ప్రకృతి ఎక్కడో ఒకచోట రాగిని వంద, రెండువందల రెట్లు పోగుచేసి పెట్టాలి. బంగారాన్ని అయితే వెయ్యి రెట్లు చెయ్యాలి. అట్లా పోగుపడిన రాతినే ముడిఖనిజం అంటాం. కాబట్టి అసలు ప్రశ్న లోహం ఎక్కడ ఉంది అని కాదు. అంతటా చెదరి ఉన్న లోహాన్ని ఒకచోటికి చేర్చింది ఎవరు అని.

చేర్చేవాళ్ళు నలుగురున్నారు. నలుగురి పనీ మన తెలుగుదేశంలోనూ, దాని చుట్టుపక్కలా చూడవచ్చు.

మొదటిది బరువు. భూమి లోపల రాయి కరిగి ముద్దలా ఉన్నచోట్ల అది మెల్లమెల్లగా చల్లారుతుంది. ముందుగా గట్టిపడిన బరువైన పలుకులు అడుగుకు దిగుతాయి. పప్పుచారు గిన్నెను కదపకుండా ఉంచితే పప్పు అడుగుకు దిగి పైన తేట నిలుస్తుంది కదా, అట్లాగే. కొండపల్లి అనగానే మీకు బొమ్మలు జ్ఞాపకం వస్తాయి. అక్కడి కొండల్లో ఇట్లా అడుగుకు దిగిన క్రోమైటు పట్టీలున్నాయి. క్రోమైటు నుంచి క్రోమియం వస్తుంది. మీరు అన్నం తినే స్టీలు కంచానికి తుప్పు పట్టకుండా కాపాడేది ఆ క్రోమియమే.

రెండోది వేడినీరు. అమీర్‌పేటలో బోరు నీళ్ళు వాడే ఇళ్ళలో గీజరు విప్పి చూస్తే లోపల కడ్డీ చుట్టూ తెల్లని పెచ్చు కట్టి ఉంటుంది. నీళ్ళు తేటగానే ఉన్నాయి. మరి ఆ పెచ్చు ఎక్కడనుంచి వచ్చింది? నీటిలో కరిగి కంటికి కనిపించకుండా వచ్చిన పదార్థం, పరిస్థితి మారగానే గట్టిపడి అక్కడ కూచుంది. భూమి లోపల ఎంతో లోతున కూడా నీరుంది. అది ఉప్పగా, భరించలేనంత వేడిగా ఉంటుంది. మైళ్ళ కొద్దీ రాతిలోంచి పాకుతూ కొంచెం రాగి, కొంచెం సీసం, రవ్వంత బంగారం కరిగించుకుంటుంది. కొండలు లేచేటప్పుడు రాయి పగుళ్ళు బారుతుంది. ఆ పగుళ్ళలోంచి నీరు పైకి వస్తుంది. పైకి వచ్చినకొద్దీ చల్లారుతుంది, ఒత్తిడి తగ్గుతుంది. అప్పుడు మోసుకొచ్చిన సరుకునంతా పగులు గోడలకు అంటించి పోతుంది. పగులు నిండిపోయి తెల్లని పలుగురాతి చార అవుతుంది. ఆ చారలోనే లోహం.

ఇది ఊహ అనుకోకండి. 1979లో ఆల్విన్ అనే చిన్న జలాంతర్గామిలో శాస్త్రజ్ఞులు పసిఫిక్ మహాసముద్రం అడుగుకు దిగారు. అక్కడ రెండున్నర కిలోమీటర్ల లోతున రాతి గొట్టాలలోంచి నల్లని పొగలాంటి నీరు బుసబుస పైకి చిమ్ముతూంది. ఆ నీటి వేడి 350 డిగ్రీలకు పైమాటే. ఆ నలుపంతా గంధకంతో కలిసిన లోహాల పొడి. చల్లని సముద్రపు నీరు తగలగానే అది అక్కడికక్కడే పేరుకుంటూంది. ముడిఖనిజం తయారు కావడాన్ని మనిషి కళ్ళారా చూశాడన్నమాట.

మన పల్నాడులో, వినుకొండ దగ్గర అగ్నిగుండాల అనే చోట కొండల్లో రాగీ సీసమూ ఉన్నాయి. బండలమోటు కొండలో సీసం, నల్లకొండలో రాగి. అక్కడ వెనకటివాళ్ళు తవ్విన గుంటల గుర్తులు కూడా ఉన్నాయి. ఏ భూగర్భ శాస్త్రమూ చదవకుండానే వాళ్ళు రాతి రంగు చూసి పోల్చుకున్నారు. రాగి ఉన్న రాయికి గాలీ వానా తగిలితే ఆకుపచ్చని మరక వస్తుంది. ఇంట్లో పాత రాగిచెంబు చూడండి, మీకూ ఆ పచ్చదనం కనిపిస్తుంది.

బంగారానిదీ ఇదే దారి. ఇప్పుడు కర్ణాటకలో ఉన్న రాయచూరు జిల్లా ఒకప్పుడు మన హైదరాబాదు సంస్థానంలోది. అక్కడి హట్టిలో వేల ఏళ్ళనాడే మనుషులు బంగారం తవ్వారు. ఇప్పటికీ తవ్వుతున్నారు. ఆ జిల్లాలోనే ఒక చిత్రం జరిగింది. 1915లో బీడన్ అనే గని ఇంజనీరు మస్కి దగ్గర ఒక బండమీద రాతలు చూశాడు. అది అశోకుడి శాసనం. అంతవరకు దొరికిన శాసనాల్లో చక్రవర్తికి 'దేవానాం ప్రియుడు' వంటి బిరుదులే ఉండేవి. మస్కి శాసనంలో 'అశోకుడు' అనే పేరే ఉంది. బంగారం వెతికే మనిషికి ఒక చక్రవర్తి పేరు దొరికింది!

కోలారు గనులు ఇంకా లోతుకు పోయాయి. మూడు కిలోమీటర్లు దాటాయి. అడుగున రాయి చెయ్యి ఆనించలేనంత వేడి. అక్కడ పనిచేసినవారిలో మన తెలుగువాళ్ళూ, తమిళులూ ఎందరో ఉన్నారు. లోతుకు పోయినకొద్దీ ఖర్చు పెరిగింది, బంగారం తగ్గింది. 2001లో ఆ గనులు మూతపడ్డాయి. పోయిన బంగారం మళ్ళీ ఊరదు, పిల్లలూ. చింతచెట్టు కొమ్మ కొడితే చిగురిస్తుంది గాని గని చిగురించదు.

మూడోది సముద్రం. సుమారు 250 కోట్ల ఏళ్ళ కిందట భూమిమీద చెట్లు లేవు, చేపలు లేవు. గాలిలో ప్రాణవాయువు దాదాపు లేదు. సముద్రపు నీటిలో ఇనుము కరిగి ఉండేది. ఆ రోజుల్లో కంటికి కనిపించని సూక్ష్మజీవులు ఎండను ఉపయోగించుకుని ప్రాణవాయువును వదలడం మొదలుపెట్టాయి. ప్రాణవాయువు తగిలితే ఇనుము ఏమవుతుంది? తుప్పు పడుతుంది. సముద్రమంతా తుప్పు పట్టి, ఆ తుప్పు పొరలు పొరలుగా అడుగున పేరుకుంది. మధ్య మధ్య సిలికా పొరలు. తరువాత భూమి ముడతలు పడి ఆ సముద్రపు అడుగే కొండలయింది. కోట్ల ఏళ్ళ వానలు సిలికాను కరిగించుకుపోగా ఇనుము మిగిలింది.

ఛత్తీస్‌గఢ్‌లోని బైలదిలా కొండలు అట్లాంటివే. బైలదిలా అంటే ఎద్దు మూపురం. దూరంనుంచి కొండ అట్లా ఉంటుంది. అక్కడి మంచి రాయిలో నూటికి 65 పాళ్ళదాకా ఇనుమే. దాన్ని తవ్వే ఎన్.ఎం.డి.సి. వారి ప్రధాన కార్యాలయం మాకు దగ్గరే, మాసబ్ ట్యాంకు ఖనిజ భవన్‌లో ఉంది. ఆ రాయిని విశాఖపట్నానికి చేర్చడానికి 1960లలో జపాను సహకారంతో కొత్తవలస నుంచి కిరండూలుకు రైలుమార్గం వేశారు. మీలో అరకు వెళ్ళినవాళ్ళు సొరంగాలు లెక్కపెట్టుకుంటూ పోయిన దారి అదే. మన సరదా కోసం తవ్విన సొరంగాలు కావవి. ఇనుము కోసం తవ్వినవి.

నాలుగోది వాన. పల్లీపట్టీని నీళ్ళలో వేస్తే బెల్లం కరిగిపోయి పల్లీలు మిగులుతాయి. అనంతగిరి, గాలికొండ, చింతపల్లి కొండల నెత్తిన వాన లక్షల ఏళ్ళు ఆ పనే చేసింది. ఆ కొండల రాతికి ఖోండలైటు అని పేరు. ఖోండు అనే కొండజాతి పేరుమీద పెట్టారు. వాన అందులోంచి కరిగేవన్నీ తీసుకుపోయింది. కరగని అల్యూమినియం మట్టి ఎర్రని టోపీలాగా కొండ నెత్తిన మిగిలింది. అదే బాక్సైటు. మీ అమ్మ అన్నం వండే గిన్నె ఒకనాడు ఇట్లాంటి ఏదో ఎర్రమట్టే.

ఇప్పుడు చెప్పండి, ఇవన్నీ కొండల్లోనే ఎందుకు ఎక్కువ కనిపిస్తాయి? భూమి ముడతలు పడి కొండ లేచేచోట వేడి ఉంటుంది, పగుళ్ళు ఉంటాయి, నీటికి దారి ఉంటుంది. లోతున తయారైనది పైకి లేస్తుంది. తరువాత వాన, ఎండ, గాలి పై కప్పును అరగదీసి దాన్ని బయటపెడతాయి. మైదానంలో అదే రాయి మన్ను కింద దాగి ఉంటుంది. కొండంటే ప్రకృతి తెరిచిపెట్టిన పుస్తకం.

ఇంతదాకా విని ఆ కుర్రాడు అడిగాడు: "మరి కొండల ఉన్నది ఎవరిది, తాతా?"

ఇది సైన్సు ప్రశ్న కాదు. అయినా జవాబు చెప్పవలసిన ప్రశ్నే. కొండ నెత్తిన బాక్సైటు ఉన్నచోట, కొండ నడుముమీద ఊళ్ళున్నాయి. కాఫీ తోటలున్నాయి, ఊట నీళ్ళున్నాయి. సచ్ఛిద్రమైన ఆ ఎర్రటోపీ వాన నీటిని పీల్చుకుని మెల్లగా కిందికి వదులుతుందని అక్కడివారు అంటారు. అనంతగిరి మండలంలో, బొర్రా ప్రాంతంలో గనుల విషయమై సమత అనే సంస్థ వేసిన కేసులో 1997లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. షెడ్యూల్డు ప్రాంతాల్లోని భూములను, ప్రభుత్వానివి అయినా సరే, గనులకోసం ప్రైవేటు కంపెనీలకు కౌలుకు ఇవ్వకూడదని ఆ తీర్పు సారాంశం. మనకు గిన్నె కావాలి, రైలు కావాలి, కరెంటు తీగ కావాలి. కొండమీదివాళ్ళకు కొండ కావాలి. రెండూ నిజమే. ఎంత తవ్వాలి, ఎక్కడ తవ్వకూడదు, తవ్వితే ఎవరికి ఏం దక్కాలి అన్నది మీరు పెద్దవాళ్ళయ్యాక మీ ముందుకు వచ్చే లెక్క. ఒక్క మాట మాత్రం ఇప్పుడే జ్ఞాపకం పెట్టుకోండి. పాత అల్యూమినియం సామాను కరిగించి కొత్తది చెయ్యడానికి, ముడిఖనిజం నుంచి చెయ్యడానికి పట్టే శక్తిలో ఇరవయ్యో వంతు చాలు. పాతసామాన్ల బండివాడు మీ వీధిలోకి వచ్చినప్పుడు అతణ్ణి చులకనగా చూడకండి. అతను కూడా ఒక గనినే తవ్వుతున్నాడు.

ఆ కుర్రాడి సంగతి అడుగుతారు, నాకు తెలుసు. వాళ్ళ నాయన అప్పు ఆ రాయితో తీరలేదు. తీరుతుందని నేను అబద్ధం చెప్పలేదు. అది తీరేదాకా వాళ్ళు ఇక్కడే ఉంటారు. కాని వెళ్ళబోయేముందు ఆ రాయిని పారేస్తాడేమోనని నేను చూస్తూంటే, వాడు దాన్ని మళ్ళీ చేతిలోకి తీసుకుని, "దీనికి ఎన్నేండ్లు, తాతా?" అని అడిగాడు.

"మన హైదరాబాదు గ్రానైటు వయసు దాదాపు 250 కోట్ల ఏళ్ళు. హిమాలయాలు నిన్నగాక మొన్నటివి. అవి లేవడం మొదలై అయిదారు కోట్ల ఏళ్ళయింది, అంతే" అన్నాను.

వాడు రాతివైపు చూశాడు. ఈసారి మెరిసే రేకులను కాదు, రాయినంతా చూశాడు. "హిమాలయాలకంటె పెద్దదా!" అన్నాడు.

ఒక చీటీ ఇచ్చాను. దానిమీద వాడే రాశాడు: 'గ్రానైటు. కాకిబంగారం ఉంది. అమీర్‌పేట, పునాది గుంట, ఆరడుగుల లోతు.' తేదీ వేసి రాయికి అంటించాడు. మరుసటి ఆదివారం సంచినంతా మోసుకొచ్చాడు. అందులో మూడు రకాల రాళ్ళు బయటపడ్డాయి. నేను కిటికీలు మూసే ఉంచాను.

మీరు చేసి చూడండి: మీ ఇంటి దగ్గర కంకర కుప్పలోనుంచి నాలుగు రాళ్ళు ఏరండి. రోడ్డుమీద బండ్లు పోయేచోట, యంత్రాలు పనిచేసే గుంటలో మాత్రం దిగకండి. ఒక్కొక్క రాతిలో ఎన్ని రంగుల పలుకులున్నాయో భూతద్దంతో చూసి రాయండి. గాజులా మెరిసేది పలుగురాయి. గులాబిరంగుగా గాని తెల్లగా గాని నున్నగా ఉండేది ఫెల్‌స్పార్. గోటికి ఊడివచ్చేది అభ్రకం. ప్రతి రాతికీ, దొరికిన చోటు రాసి చీటీ అంటించండి. చీటీ లేని రాయి చిరునామా లేని ఉత్తరం వంటిది.

ఈ నెల లెక్క: ఒక గనిలో టన్ను రాతికి 4 గ్రాముల బంగారం వస్తుంది. 8 గ్రాముల గాజుకు ఎన్ని టన్నుల రాయి తవ్వాలి? అదే బంగారం మా సందు చివరి గుంటలో రాతినుంచి తీయాలంటే ఎన్ని టన్నులు తవ్వాలి? రెండు జవాబులూ పక్కపక్కన రాసి, మీ అమ్మకూ నాన్నకూ చూపించండి.

పెద్దలకు ఒక మనవి. మీ పిల్లవాడు రాయి తెస్తే, విసిరేసేముందు ఒక్కసారి చేతిలోకి తీసుకుని బరువు చూడండి.

వచ్చే నెల తప్పకుండా తేనెటీగలు.

మీ హెడ్మాస్టరు తాతయ్య